గురిగింజ ఎత్తు లోహం

సైన్సు సారు పోయిండన్న మాట నాకు మధ్యాన్నం బెల్లు కొట్టినంక తెలిసింది. ఆరో జమాతుకు పద్యం చెప్తున్న. చప్రాసి వచ్చి గడప కాడ నిలబడి, నెత్తి మీది టోపి తీసి చేతుల పట్టుకున్నడు. ఎన్నడు తీయనోడు తీసిండంటే ఏదో అయిందని సమజైంది. "లెక్కల సారు పోయిండు పంతులూ. పొద్దుగాల" అన్నడు. గంతే.

ఆయన చెప్పేది సైన్సు. ఊరంత మాత్రం లెక్కల సారనే పిలుస్తుండె. ఆయన ఎన్నడు కాదనలే.

పొట్టి మనిషి. షేర్వాని కుడి చెయ్యికి మోచేతి దాక ఎప్పుడు సుద్ద పొడి. సుద్దముక్కను అందరి తీరుగ వేళ్ల కొసల పట్టకపోతుండె. మగ్గం నాడె పట్టినట్టు అరచేతుల ఇముడ్చుకొని బోర్డు మీద ఈ కొస నుంచి ఆ కొసకు ఒక్క ఊపుల గీత కొడుతుండె. నేసెటోళ్ల ఇంట్ల పుట్టిన చెయ్యి, పట్నంల బీఎస్సీ చదివినా మారలే. పెద్ద అంకె రాసినంక సున్నలను కండ్లతోటి లెక్కపెట్టడు, వేలి గోటితోటి ఒక్కొక్కటి తాకుకుంట పోతడు, పోగులు ఎంచినట్టు. జవాబు వచ్చి పిల్లలు పలకలు దించినంక, చేతుల పొడి ఊదుకొని "మళ్లొక్కపారి చూద్దాం" అంటడు. పిల్లలు ఉసూరుమంటరు. ఆయన మొదటి నుంచి షురూ చేస్తడు.

మేమిద్దరం ఒక్క ఏడాదే సిద్దిపేట బడిల చేరినం. చదువంత ఉర్దూల నడిచే కాలం. నేను చెప్పేది తెలుగు. తెలుగు గంట అంటే పిల్లలకు నీళ్లు తాగొచ్చే గంట. ఉపాధ్యాయుల గదిల నాకిచ్చిన కుర్చీకి ఒక కాలు పొట్టి. నేను కూసున్నప్పుడల్ల అది వంగి, పక్కనున్నోళ్లు నవ్వుతుండె. మూడో దినం ఎవ్వరికి చెప్పకుండ దాని కింద ఇటుక ముక్క పెట్టింది ఆయననే. గాడికెల్లి మా దోస్తానా కుదిరింది.

లడాయి మొదలైన మర్నాటి ఏడాది అనుకుంట. ఒకనాడు ఆయన చేతుల రెండు కాయితాలు పట్టుకొని ఉరికినట్టు నా దగ్గరికి వచ్చిండు. పట్నం కాలేజిల ఉన్న ఆయన దోస్తు విలాయతి పత్రికల నుంచి ఎత్తిరాసి పంపిన కాయితాలు.

"పంతులూ, జౌహర్‌ను తెలుగుల ఏమంటరు?"

"పరమాణువు."

"దాన్ని పగులగొట్టుడును?"

నా చదువు చూపించుకుందామని జర ఆలోచించి "విచ్ఛిత్తి" అన్న.

ఆయన రెండుమూడు సార్లు నోట్లనే అనుకొని నవ్విండు. "మాట మంచిగున్నది. గని మా అవ్వకు చెప్పాలె. పగులుడు అంటె సాలు."

తర్వాత నాకు చెప్పిండు. యురేనియమని ఒక లోహం ఉన్నదట, సీసం కంటె బరువైంది. దాని పరమాణువు నడిమిట్ల ఒక గట్టి గింజ. ఆ గింజకు ఒక చిన్న రేణువు తాకితే రెండు ముక్కలైతదట. "ఇప్పుడు చూడు. పగలకముందు బరువు తూచినం. పగిలినంక ముక్కలన్ని ఏరి మళ్ల తూచినం. తక్కువొస్తది! వెయ్యి పాళ్లల్ల ఒక్క పాలు తక్కువ. అదేడికి పోయింది?"

"మీరే చెప్పుండ్రి."

"వేడిమి అయింది. పోయిన బరువును వెలుతురు ఉరికే వేగంతోటి గుణించాలె. వచ్చినదాన్ని మళ్ల అదే వేగంతోటి ఇంకోపారి గుణించాలె. ఒక్క పరమాణువు పగిలితె ఇసుక రేణువు జరంత దుంకుతది, గంతే. గని ఒక గ్రాముల ఎన్ని పరమాణువులున్నయి? ఇరవై ఐదు రాసి పక్కన ఇరవై సున్నలు పెట్టు."

ఆ సున్నలు పలక మీద పెట్టుకుంట ఆయన మొఖం ఎట్ల వెలిగిందో నాకిప్పటికి కండ్ల ముందర్నే ఉన్నది.

ఆయిత్వారం నాడు నన్ను ఇంటికి తీసుకపోయిండు. నేసెటోళ్ల గల్లీల రెండర్రల ఇల్లు. ముందరి అర్రల మగ్గం, దాని మీద తమ్ముడు. బాపు చిన్నప్పుడే పోయిండు. ఆ మగ్గం మీద తమ్ముడు పన్నెండేండ్ల నాటికెల్లి నేస్తేనే అన్న చదివిండు. ఈ సంగతి నాకు చెప్పింది అన్ననే. తమ్ముడు ఎన్నడు ఎత్తకపోతుండె. మనిషి పొడుగు, నవ్వులాట మనిషి, నేసుకుంట పాటందుకుంటె గల్లీ చివరికి వినపడేది. అవ్వ ఆకిట్ల పొయ్యి మీద పెద్ద గాబుల రంగు కాగపెడుతున్నది. వానకు తడిసిన కట్టెలు. పొగకు ఆమె కండ్లు ఎర్రగ అయి నీళ్లు కారుతున్నయి.

సారు పొయ్యి ముందర గొంతుక్కూసున్నడు. "అవ్వా, ఇన్ను. గురిగింజ ఎత్తు లోహం. గదంత పగిలిందనుకో. బండిన్నర కట్టెలు కాల్చినంత వేడి. పొగ లేదు. బూడిద లేదు."

ఆమె ఊదుగొట్టం పక్కన పెట్టి కొడుకు దిక్కు చూసింది. "గింతంత దాన్ల గంత నిప్పుంటె, ఇన్నొద్దులు అది సప్పుడు చెయ్యక ఎట్ల ఊకున్నది బిడ్డా?"

ఆయన చప్పట్లు కొట్టినంత పని చేసిండు. "చూసినవా పంతులూ! గిది అసలు ప్రశ్న. నా జమాతుల ఒక్కడు గూడ అడగలే."

మగ్గం మీదికెల్లి తమ్ముడన్నడు: "అన్నా, గా లోహం దొరికితె ముందుగాల అవ్వ పొయ్యిల పెట్టు. మిగిలితె నా చుట్ట ముట్టియ్యి."

నలుగురం నవ్వినం. ఆ ఇంట్ల అందరు కలిసి నవ్వంగ నేను చూసింది గా ఒక్కనాడే.

తర్వాత నూలు దొరుకుడు బందైంది. లడాయికి బట్ట కావాలని మిల్లులన్ని అటే నేస్తున్నయన్నరు. గల్లీల మగ్గాలు ఒక్కొక్కటి ఆగిపోయినయి. తమ్ముడు నెల దినాలు ఊకె కూసున్నడు. ఒకనాడు సికిందరాబాదు పోయి ఫౌజుల భర్తీ అయి వచ్చిండు. సారు బతిమిలాడిండు, కోపం చేసిండు.

"ఇన్నేండ్లు నేను నేసిన, నువ్వు చదివినవ్" అన్నడు తమ్ముడు నవ్వుకుంటనే. "ఇగ నువ్వు చదువు చెప్పు. నేను దేశం చూసొస్త."

ఏడాది తిరగకముందే సింగపూరు జపానోళ్ల చేతికి పోయింది. ఫౌజు దఫ్తర్‌కెల్లి కాయితం వచ్చింది. అండ్ల ఒక్కటే మాట: లాపతా, ఆచూకి లేదని. సారు ఆ కాయితం అవ్వకు చదివి వినిపించెటప్పుడు నేను పక్కనున్న. "దూరమున్నడట అవ్వా. జాబు రాసెతందుకు తీరుతలేదట" అని చదివిండు. ఆమె నా మొఖం దిక్కు చూసింది. నేను నేల దిక్కు చూసిన.

మరో ఏడాదికి అచ్చు వేసిన కార్డొకటి వచ్చింది. బతికున్న, కైదుల ఉన్న అని. కింద తమ్ముని దస్తకతు. దాని తర్వాత ఏం లేదు.

ఆ ఏండ్లల్ల సారు ఆ యురేనియం లెక్కను ఎన్నిసార్లు చేసిండో చెప్పలేను. దోస్తు పంపిన కాయితాలు షేర్వాని జేబుల మడతల కాడ చినిగిపోయినయి. బరువు తగ్గిన లెక్క ఒక తొవ్వ. పగిలిన రెండు ముక్కలు ఒకదాన్నొకటి తోసుకునే బలం లెక్క ఇంకో తొవ్వ. రెండు తొవ్వల పోయినా జవాబు ఒక్క కాడికే వస్తదని చూసుకొని నిమ్మళమైతుండె. "ఇది చేసినంతసేపు వాడు యాదికి రాడు పంతులూ" అన్నడు ఒకపారి.

లడాయి ఆఖరి ఏడు, వానకాలం. పట్నం బస్సుల పొద్దుగూకంగ వచ్చిన ఉర్దూ అఖ్బారును మర్నాడు హెడ్మాస్టరు సాబ్ ఉపాధ్యాయుల గదిల నిలబడి పైకి చదివిండు. జపానుల ఒక పట్నం మీద ఒక్క విమానం ఒక్క బాంబు వేసింది. ఇరవై వేల టన్నుల మందుగుండు బలమట. పరమాణువు పగులగొట్టి చేసిందట.

సారు లేచి నిలబడ్డడు. "మళ్లొక్కపారి చదువుండ్రి."

హెడ్మాస్టరు చదివిండు. సారు కూసోని పలక దగ్గరికి గుంజుకున్నడు. ఇన్నేండ్లు లోహం నుంచి వేడికి చేసిన లెక్కను ఇప్పుడు వేడి నుంచి లోహానికి ఎనుకకు చేసిండు. సున్నలు గోటితోటి తాకుకుంట పోయిండు. నేను ఆయన మొఖమే చూస్తున్న. లెక్క తేలినప్పుడు ఆ మొఖం వెలిగింది. దాని ఎంబడే ఆరిపోయింది.

"ఏంది సారూ?"

"బాంబుల ఎంత పెట్టిన్రో నాకు తెల్వదు. పగిలింది మాత్రం సేరు. ఒక్క సేరు, అటిటు." పలక బోర్ల పెట్టిండు. "ఇన్నేండ్ల లెక్క తప్పు కాలేదని ఒక్క నిమిషం సంబురపడ్డ పంతులూ. పట్నం కాలిపోయిందని విన్నంక సంబురపడ్డ."

లడాయి ఆగిపోయినంక బడిల గెలుపు జల్సా చేసిన్రు. పిల్లలకు ఆ బాంబు సంగతి సమజైటట్టు చెప్పుమని హెడ్మాస్టరు సాబ్ సారుకు హుకుం చేసిండు. బయట మైదానంల బోర్డు నిలబెట్టిన్రు. సారు అన్ని విడమరిచి చెప్పిండు: గింజ, పగులుడు, తగ్గిన బరువు, వెలుతురు వేగం. పిల్లలు నోరు తెరిచి విన్నరు. ఆఖరి గీత కొట్టి కింద జవాబు రాసిండు. ముందుగాల హెడ్మాస్టరు చప్పట్లు కొట్టిండు. దాంతోటి మైదానం మైదానమంత కొట్టింది.

సారు బోర్డు దిక్కే నిలబడి ఏదో అన్నడు. వినపడలే. అప్పుడు ఇటు తిరిగి ఒర్రిండు: "చప్పట్లు కొట్టకుండ్రి!"

ఆయన ఒర్రంగ నేనెన్నడు వినలే. మైదానం సల్లబడ్డది.

"ఈ జవాబు కింద మనుషులున్నరు" అన్నడు మెల్లగ. "చప్పట్లు కొట్టకుండ్రి బిడ్డా." సుద్దముక్క బల్ల మీద పెట్టి దిగిపోయిండు. హెడ్మాస్టరు సాబ్ మొఖం మాడిపోయింది. మిఠాయి పంచుండ్రని సైగ చేసిండు.

నేను ఎనుకనే ఆయన ఇంటికి పోయిన. ఆడ ఆకిట్ల గల్లీ ఆడోళ్లంత గుమిగూడిన్రు. అవ్వ బెల్లం పంచుతున్నది. కొడుకును చూడంగనే ఉరికొచ్చి ఆయన నోట్ల బెల్లం ముక్క పెట్టింది. "నీ లెక్క నిజమైందట గద బిడ్డా! లడాయి ఆగిందట గద! ఇగ నా చిన్నోడు వస్తడు."

ఆయన బెల్లం మింగలే, ఉమ్మలే. బుగ్గన పెట్టుకొని అట్లనే నిలబడ్డడు. ఆడోళ్లు పోయినంక అన్నడు: "ఎవ్వల పిల్లలో చచ్చిన్రవ్వా. ఊరికూరే పోయింది."

ఆమె చేతులు అట్లనే ఆగిపోయినయి. "నేను సంపుమన్ననా? నా పిలగాడు రావాలన్న. గది తప్పా?"

"తప్పు కాదవ్వా."

"మరి తిను."

ఆయన మింగిండు. కండ్లకెల్లి నీళ్లు కారినయి. ఆ పొద్దు ఆకిట్ల పొయ్యి ముట్టియ్యలే, పొగ లేదు.

నన్ను గల్లీ మలుపు దాక సాగనంపుకుంట అన్నడు: "సమీకరణంల రెండు దిక్కుల సమానం రావాలె. ఎడమ దిక్కు మా తమ్ముడున్నడు. కుడి దిక్కు గంతమంది. నడుమ గుర్తు ఎట్ల పెట్టాలె పంతులూ?"

తమ్ముడు మర్నాటి ఎండకాలంల వచ్చిండు. బస్సు దిగిన మనిషిని నేను గుర్తుపట్టలే. ఒంటి మీద బొక్కలకు తోలు తొడిగినట్టున్నడు. వేళ్లు వంకర్లు పోయి పిడికిలి మూసుకుంటలేదు. ఏదో దీవిల రాళ్లు కొట్టిచ్చిన్రట. గల్లీ గల్లీ కదిలొచ్చి ఇంటి ముందర నిండింది. అవ్వ ఆయన మొఖమంత చేతులతోటి తడిమి తడిమి చూస్తున్నది.

జనంల ఎవరో అన్నరు: "మీ అన్న గా బాంబు సంగతి ఐదేండ్ల ముందుగాల్నే లెక్కగట్టిండు."

తమ్ముడు నవ్విండు. పండ్లు సగం లేవు. "అన్నా, గది చేసినోళ్ల కాళ్లు మొక్కాలె. ఇంకొక్క నెలైతె మా కైదోళ్లల్ల ఒక్కడు మిగిలెటోడు కాదు."

"గట్లనకు!" అన్నడు సారు.

మాట కత్తి తీరుగ పడ్డది. అందరు ఆయన దిక్కు చూసిన్రు. సారు లేచి ఎనుక తలుపు తీసుకొని బయటికి పోయిండు. తమ్ముడు ఆ తలుపు దిక్కే చూసుకుంట కూసున్నడు. మొఖం మీద నవ్వు ఇంకా పోలే, దాన్ని ఏం చెయ్యాల్నో తెల్వనట్టు అట్లనే ఉన్నది.

దాని తర్వాత ఆ ఇంట్ల లడాయి మాట ఎవ్వరు ఎత్తలే. తమ్మునికి నాడె పట్టరాదు. అందుకే సారే మగ్గం ఎక్కిండు. బడికి పోయేముందు ఒక గంట, వచ్చినంక చీకటి పడేదాక. ఇరవై ఏండ్ల కింద మరిచిన పని. పోగులు తెగుతుండె. తమ్ముడు అవ్వ పక్కన కూసోని నూలు కండెలు చుట్టుకుంట, తెగినప్పుడు లేచి వచ్చి వంకర వేళ్లతోటి ఎట్ల ముడెయ్యాల్నో చూపిచ్చి పోతుండె. అన్నం పెట్టుకునేకాడ అన్నకు ముందుగాల తమ్ముడే నీళ్లు పెడతడు. తమ్మునికి పక్క అన్ననే పరుస్తడు. ఇద్దరు ఒకరినొకరు గంత మంచిగ చూసుకున్నరు. గంత దూరంగ గూడ ఉన్నరు. మూడేండ్లు.

బడిల ఆ లెక్క మళ్ల చెప్పలే. పిల్లలెవరన్న అడిగితె "కట్టెల దాక చెప్త" అంటుండె. కట్టెల బండ్ల దాక చెప్పి ఆపుతుండె.

ఊర్లల్ల గడబిడై బడి నెలల కొద్ది మూతపడ్డ ఏడు ఆయనకు దగ్గు మొదలైంది. బడి తెరిచెనాటికి మనిషి సగమైండు. దవాఖానల క్షయ అన్నరు. పోయిన నెల నేను చూడ పోతె, పొద్దటెండకు ఆకిట్ల మంచమేసి పండుకున్నడు. తమ్ముడే లోపటికెల్లి రెండు చేతులల్ల ఎత్తుకొచ్చి పండబెట్టిండట. దుప్పటి కప్పి, కుండ తీసుకొని బాయికి పోయిండు.

ఆయన తమ్ముడు పోయిన దిక్కు చూసి నా చెయ్యి పట్టుకున్నడు. చెయ్యి కాలుతున్నది.

"వాడు వచ్చిన దినం నేను లేచి బయటికి పోయిన, యాదున్నదా?"

"ఉన్నది."

"వాడు రావుడు నాకు ఇష్టం లేదనుకున్నడు. ‘నేనేడనో చచ్చిపోతె మా అన్నకు బాగుండు’ అని మనసుల పెట్టుకున్నడు. అవ్వతోటి అన్నడట." దగ్గు ఆగెదాక ఆగిండు. "బయటికి పోయి నేనేం చేసిన్నో ఎవ్వలకు తెల్వదు. గోడకు ఆనుకొని ఏడ్చిన. సంబురంతోటి ఏడ్చిన పంతులూ. గా బాంబు పడ్డనాడు గూడ ఇగ వీడు వస్తడని లోపల కోరుకున్న. పడ్డందుకు ఏడ్చిన, వస్తడని కోరుకున్న. రెండూ నిజమే. ఒకటి చెప్తె రెండోది అబద్ధమనుకుంటడని ఊకున్న. నువ్వు వానికి చెప్పరాదా? నీకు మాటలొస్తయి."

"మీరే చెప్పుండ్రి సారూ" అన్న. "మీ నోటితోటి వింటె వేరే ఉంటది."

"అవును. రేపు చెప్త" అన్నడు.

అప్పటికే తమ్ముడు నిండు కుండతోటి వచ్చిండు. నేను లేచిన. దాని తర్వాత పరీక్షలొచ్చినయి, కాపీలు దిద్దుడొచ్చింది. ఆయన బతికుండంగ మళ్ల పోలే. చెప్పిండే అనుకున్న. చెప్పిండని అనుకునుడు నాకు అల్కగ ఉండె.

సారు పోయి పది దినాలైనంక నిన్న ఆ ఇంటికి పోయిన. తమ్ముడు ఒక్కడే ఆకిట్ల కూసోని మగ్గం పలకలు ఊడదీసి తుడుస్తున్నడు. నాకు పీట వేసిండు. ఎట్ల మొదలువెట్టాల్నో తెల్వక, "సారు నీకేమన్న చెప్పిండా?" అని అడిగిన.

"దేని గురించి?"

అప్పుడు తెలిసింది. చెప్పలేదని.

నేను చెప్పిన. ఆయనన్న మాటలు అన్నట్టే చెప్పిన: గోడ సంగతి, కోరుకున్న సంగతి, రెండూ నిజమేనన్న సంగతి. తమ్ముడు గుడ్డతోటి పలక తుడుసుకుంటనే విన్నడు. తుడిచిన జాగనే మళ్ల మళ్ల తుడిచిండు.

"ఎప్పుడన్నడు?"

"పోయిన నెల. నేను వచ్చిననాడు."

"అప్పుడు నేనేడున్న?"

"నీళ్లకు పోయినవ్."

తల ఊపిండు. ఆకిలి దాటి బాయి దిక్కు చూసిండు. నడిస్తె నలభై అడుగులుంటది.

"గింత దూరమే గద పంతులూ" అన్నడు. "పిలిస్తె వినపడుతుండె."

నేను తల ఎత్తలే. లోపటికెల్లి అవ్వ గొంతు: "ఎవలొచ్చిన్రు బిడ్డా?"

"పంతులు వచ్చిండవ్వా." ఇప్పుడే ఊర్నుంచి కబురొచ్చినట్టు గట్టిగ చెప్పిండు: "అన్న సంబురపడ్డడట అవ్వా. నేను వచ్చిననాడు. ఎనుకకు పోయి ఏడ్చిండట."

ఆమె బయటికొచ్చింది. కొడుకు మొఖం చూసి, ఏం అడగకుండ పక్కన కూలబడి, ఆ వంకర వేళ్లను తీసుకొని తన ఒళ్లె పెట్టుకున్నది.